ఆకు పలకని ఆజ్ఞ

ఒకానొక రాజ్యంలో రాజు నోరు విప్పితే చాలదు, ఆకు కూడా నోరు విప్పాలి. అప్పుడే అది ఆజ్ఞ. అంతవరకూ అది వట్టి మాటే.

ఆ రాజ్యం పేరు మేఘవాటి. కోటకు ఎదురుగా ఒక కొండ, కొండంతా పాకిన ఒకే ఒక్క తీగ. పండితులు దాన్ని శాసనవల్లి అనేవారు, కొండమీద బతికేవాళ్ళు పలుకుతీగ అనేవారు. పండితులు పేరు పెట్టి కిందికి దిగిపోయారు, కొండవాళ్ళు ఉండి నీళ్ళు పోశారు. కాబట్టి మనమూ పలుకుతీగ అనే అందాం.

ఆ తీగ ఆకు లేతగా ఉన్నప్పుడు దాని మీద ముల్లుతో అక్షరాలు గీస్తే, పక్కన నిలబడి చెబుతున్నవాడి గొంతు ఆకులోకి దిగేది. ముల్లు ఆనించిన క్షణం నుంచి ఎత్తే క్షణం దాకా అతను ఏమన్నా, ఎంతసేపు ఊరుకున్నా, అంతా దిగేది. మర్నాటి నుంచి రోజూ పొద్దున తొలి ఎండ పడగానే ఆకు మీది మంచు మెరిసేది, ఆకు అదే గొంతుతో ఆ మాటలు పలికేది. మంచు ఆరేదాకానే ఆ పలుకు. ఆరగానే ఆకు మూగదైపోయేది, మర్నాడు మళ్ళీ మొదటి నుంచి మొదలుపెట్టేది.

ఇప్పటి రాజుగారి ముత్తాత శ్రావణమాసంలో చేపలు పట్టవద్దని చెబుతూ మధ్యలో తుమ్మాడు. ఆయన పోయి అరవై ఏళ్ళయినా ఇంకా రోజూ పొద్దున్నే తుమ్ముతూనే ఉన్నాడు. కొండమీద వాళ్ళు "చిరంజీవ" అంటూనే ఉన్నారు.

దీనికి కొన్ని కట్టుబాట్లు ఉన్నాయి. శాసనం చెప్పేవాడు మూడు సంగతులు చెప్పి తీరాలి. తానెవరో, ఏం చేయమంటున్నాడో, ఎందుకో. రాసిన మూడు ఉదయాల్లోగా ఒక్కసారైనా ఆకు దాన్ని ఆసాంతం పలకాలి, జనం వినాలి. పలికితే సామంతుడి నుంచి బంటు దాకా అందరూ తలవంచాల్సిందే. పలకలేకపోతే మూడోనాడు ఆకు దానంతటది రాలిపోతుంది. ఆకు చెప్పని పనికి ఆ రాజ్యంలో ఒక్క బంటు కూడా కాలు కదపడు. రాజు కూడా ఈ కట్టుబాటు దాటలేడు. ఎందుకంటే ఆయన గద్దెనెక్కిందే తండ్రి ఆకు పలికిన మాట మీద.

ఆ తీగను సాకేది పన్నెండు గడపల ఆకుకాపులు. ఆకు చిరగకుండా ముల్లుతో రాయడం వాళ్ళకు తప్ప ఇంకెవరికీ చేతకాదు. వాళ్ళలో పెద్దది ముప్పమ్మ. అరవై దాటిన మనిషి. మోకాళ్ళు పట్టేశాయి గానీ నోరు ఇంకా బాగానే ఆడుతోంది.

ఒక మాఘమాసపు ఉదయం ముప్పమ్మ కొండ నడుమ కూర్చుని ఉంది. ఒళ్ళో పెద్ద లేతాకు ఒకటి చుట్ట విప్పుకుంటోంది. పలుకుతీగ ఆకు విప్పుకునేటప్పుడు తన బరువు తాను మోయలేదు. ఆకుకాపు ఎవరైనా కింద కూర్చుని ఒళ్ళో పెట్టుకోవాలి, అది పూర్తిగా తెరుచుకునేదాకా కదలకూడదు. కదిలితే తొడిమ పుటుక్కున తెగుతుంది. ఆ ఏడు వచ్చిన ఆకుల్లో అదే పెద్దది, విప్పుకుంటే చాపంత ఉంటుంది. ఇంకా సగమే విప్పుకుంది.

అప్పుడు కొమ్ముబూరలు మోగాయి. రాజు ఉద్దండవర్మ కొండ చూడటానికి వచ్చాడు.

ఆయన గద్దెనెక్కి ఏడాది నిండలేదు. ఒక్క శాసనం కూడా ఇంకా చెప్పలేదు. ముప్పై ఏళ్ళ లోపు వయసు, మెళ్ళో మూడు వరసల ముత్యాలు, ముందు బూరలవాళ్ళు, వెనక ముసలి మంత్రి బాచన. ఎక్కడికి వెళ్ళినా ముందు జనం లేచారో లేదో చూసుకునేవాడు, ఆ తర్వాతే వచ్చిన పని.

కొండమీద అందరూ లేచారు. ముప్పమ్మ లేవలేదు.

"ఎవరది, కూర్చునే ఉంది?" అన్నాడు రాజు.

"ముప్పమ్మను ప్రభూ. ఒళ్ళో ఆకుంది. అది విప్పుకోగానే లేచి దణ్ణం పెడతాను. కాసేపు ఆగండి."

ఆగండి అనే మాట ఉద్దండవర్మ పుట్టి బుద్ధెరిగాక వినలేదు. ఆయన ముఖం కందగడ్డలా అయింది.

"రాజు ఆగాలా? ఆకు కోసమా?"

"నా కోసమైతే నేనూ అడగను ప్రభూ. ఆకు కోసమే."

"లే!"

"లేవను."

లేవలేను అని ఉంటే సరిపోయేది. మోకాళ్ళ మీద నెపం పెట్టేసి ఉంటే రాజు కూడా ఊరుకునేవాడేమో. కానీ ముప్పమ్మకు ఉన్నమాట వదిలి లేనిమాట వెతుక్కోవడం చేతకాదు. "లేస్తే ఆకు పోతుంది. అందుకని లేవను" అంది మళ్ళీ, ఈసారి విడమరిచి.

మంత్రి బాచన ముందుకు వచ్చాడు. "ప్రభూ, ఇది ఇక్కడి పద్ధతి. మీ నాన్నగారు కూడా..."

"మా నాన్నగారి మెతకతనం వల్లే ఇలా తయారయ్యారు" అన్నాడు రాజు. "ఈ పన్నెండు ఇళ్ళవాళ్ళూ పౌర్ణమిలోగా కొండ దిగిపోవాలి! ఈ తీగకు కోట నుంచి మనుషుల్ని పంపిస్తాను. లేచి నిలబడటం తెలిసినవాళ్ళని. దీన్ని శాసనంగా రాయించండి. ఏదీ, కొండమీద అన్నిటికన్నా పెద్ద ఆకు ఏది?"

అందరి చూపులూ ముప్పమ్మ ఒళ్ళోకి పోయాయి.

"ఇదే ప్రభూ" అంది ముప్పమ్మ. "ఇందాక మీరు చెప్పగానే లేచి ఉంటే ఇదీ ఉండేది కాదు. రేపు మధ్యాహ్నానికి ముల్లుకు పదునవుతుంది. రండి, రాస్తాను."

రాజు గిరుక్కున తిరిగి వెళ్ళిపోయాడు. బూరలవాళ్ళు ఊదాలో వద్దో తెలియక సగం ఊదారు.

ఆ రోజు పన్నెండు ఇళ్ళలోనూ ఎవరూ సరిగా తినలేదు. ముప్పమ్మ తోడికోడలు కుందమ్మ కుండలన్నీ వాకిట్లో పెట్టి, ఏది తీసుకుపోవాలో ఏది వదిలేయాలో తేల్చుకోలేక, చివరికి వాటి మధ్యనే కూలబడింది.

"లేచి ఉంటే పోయేది కదక్కా" అంది.

"లేస్తే ఆకు పోయేది."

"ఆకు పోతే ఇంకో ఆకు వస్తుంది. కొండ పోతే ఇంకో కొండ వస్తుందా? మన చేతులకు ఈ పని తప్ప ఇంకోటి వచ్చా? కిందకు పోయి ఏం చేస్తాం?"

ముప్పమ్మ తలెత్తి చూసింది. ఎదురుగా కొండవాలు నిండా తీగ. దానికి తన అత్తగారు నీళ్ళు పోసింది, అత్తగారి అత్తగారు పోసింది. కోట నుంచి వచ్చేవాళ్ళు నిటారుగా నిలబడి ఉంటారు, ఆకులు ఒక్కొక్కటే తెగి రాలుతుంటాయి. ఆ సంగతి తలుచుకుంటే ముప్పమ్మకు కొండ మీద ఎంత బెంగ ఉందో రాజు మీద అంత మంటా ఉంది.

"తప్పు చేసి ఉంటే ఈపాటికి వెళ్ళి కాళ్ళు పట్టుకునేదాన్ని కుందా" అంది చివరికి. "చేయలేదు. చేయని తప్పుకు నేను వంగితే, రేపు మన కోడళ్ళు ఆకు ఒళ్ళో ఉన్నా బూర వినపడగానే లేస్తారు. అప్పుడు మనం ఇక్కడున్నా ఒకటే, లేకపోయినా ఒకటే."

"మరైతే నీ చేత్తో నువ్వే ఆ శాసనం రాస్తావా?"

"రాస్తాను. ఒక్క అక్షరం తేడా లేకుండా రాస్తాను. మనల్ని వెళ్ళగొట్టే మాటైనా మన చేతిరాత తప్పుగా ఉండకూడదు."

కుందమ్మ ముక్కు చీదుకుని, మళ్ళీ కుండల్లో పడింది.

మర్నాడు మధ్యాహ్నం రాజు సపరివారంగా వచ్చాడు. ఇది ఆయన మొదటి శాసనం. అందుకని పద్నాలుగు మంది సామంతుల్ని కూడా పిలిపించాడు. పందిరి వేశారు. ఊరు ఊరంతా కొండ కిందికి చేరింది. చాపంత ఆకు నిగనిగలాడుతూ పరుచుకుని ఉంది. దాని పక్కన ముప్పమ్మ ముల్లు పట్టుకుని కూర్చుంది. రాసేవాళ్ళు కూర్చోవచ్చని కట్టుబాటు. దానికి మాత్రం రాజు ఏమీ అనలేక ముఖం పక్కకు తిప్పుకున్నాడు.

అప్పటికి ముప్పమ్మ దగ్గర ఏ ఉపాయమూ లేదు. ఉన్నదున్నట్టు రాసి, దిగేటప్పుడు రాజుకు నాలుగు మాటలు చెప్పి దిగుదామనుకుంది, అంతే.

"చెప్పండి ప్రభూ" అని ముల్లు ఆకుకు ఆనించింది.

ఉద్దండవర్మ గొంతు సవరించుకున్నాడు. ఛాతీ నింపుకున్నాడు. "శ్రీమన్మేఘవాటీ మహామండలేశ్వర!" అన్నాడు.

బూరలవాళ్ళు నిండుగా ఊదారు. ఆ ఊదుడు ఆగేదాకా రాజు గంభీరంగా ఊరుకున్నాడు. తర్వాత, "శత్రుగజ కుంభస్థల విదారణ పంచానన!" మళ్ళీ బూరలు. మళ్ళీ ఊరుకున్నాడు.

ముప్పమ్మ చెయ్యి రాస్తూనే ఉంది గానీ మనసు ఒక్కసారి నిటారుగా లేచి కూర్చుంది. ఇదివరకటి రాజులు నేను ఫలానావాణ్ణి అని పేరొక్కటి చెప్పుకునేవారు, చెప్పాల్సిన ముక్క చెప్పి దిగిపోయేవారు. పది ఊపిర్లు పట్టేది కాదు. ఈయన ఒక్కో బిరుదుకే అంత తీసుకుంటున్నాడు. మధ్యలో ఊరుకున్నదంతా కూడా ఆకులోకి దిగుతోంది. మాఘమాసపు మంచు ఎంతసేపు ఉంటుందో కొండమీద ముప్పమ్మకు తెలిసినంత ఇంకెవరికీ తెలియదు.

మంత్రి బాచనకు కూడా కొంత తెలుసు. ఆరో బిరుదు దగ్గర ఆయన రాజు చెవి దగ్గరకు వంగాడు. "ప్రభూ, బిరుదులు కాస్త కుదిస్తే... ఉదయం మంచు..."

"మంచు సంగతి తోటవాళ్ళు చూసుకుంటారు" అన్నాడు రాజు. ఆకు ఆ మాట కూడా పట్టుకుంది. "నువ్వు వరస చూసుకో మంత్రీ. నాలుగోది నాకు అందించడం మరిచావు." అదీ పట్టుకుంది. బాచన వెనక్కి తగ్గి చేతులు కట్టుకున్నాడు.

ఇరవై ఒకటో బిరుదుతో తాతముత్తాతల నాటివి అయిపోయాయి. రాజు ఇక అసలు మాటలోకి రాబోతున్నాడు. ముప్పమ్మ అబద్ధం ఒక్కటి కూడా ఆడకూడదని తనకు తాను చెప్పుకుని, తలెత్తింది.

"ఇంతేనా ప్రభూ?" అంది. "ఆకు ఇంకా సగం ఖాళీగా ఉంది."

రాజు ఆకు కేసి చూశాడు. నిజమే, ఎంతో ఖాళీ. పద్నాలుగు మంది సామంతులూ అటే చూస్తున్నారు.

"పొరుగున గంధవరం రాజుగారికి ముప్పై రెండు బిరుదులట" అంది ముప్పమ్మ, ముల్లు కదపకుండా. "సంతకు వచ్చినవాళ్ళు అనుకుంటుంటే విన్నాను. మీకు ఇరవై ఒకటి చాలు లెండి. మీ తాతగారు ఒక్క పేరుతోనే సరిపెట్టుకున్నారు. ఏం రాయమంటారు, కొండ ఖాళీ చేయమనేనా?"

"ఆగు!" అన్నాడు రాజు.

ఆ తర్వాత ఇంకో ఇరవై వచ్చాయి. మొదటి అయిదూ సంస్కృతంలో వచ్చాయి. ఆ పైన రాజుకు సంస్కృతం తగ్గి సొంత తెలివి మొదలైంది. గుర్రం మీంచి ఎన్నడూ పడని అశ్వహృదయవేది అన్నాడు. గుర్రపుశాల పెద్ద గట్టిగా దగ్గాడు. చదరంగంలో ఓటమి ఎరుగని ఏకైక వీర అన్నాడు. రోజూ ఆయనతో ఆడి పనిగట్టుకుని ఓడే బాచన ఆకాశం కేసి చూశాడు. మామిడిపండు వాసనతోనే తోట పేరు చెప్పగల రసజ్ఞశేఖర అన్నాడు. ప్రతిదానికీ బూరలు మోగాయి. నలభై ఒకటోదాని దగ్గర బూరలవాళ్ళలో ఇద్దరికి ఊపిరందలేదు.

అప్పుడు ఆకు చివర మిగిలిన రెండు వేళ్ళ జాగాలో రాజు తన ఆజ్ఞ చెప్పాడు. రాజమర్యాదకు భంగం కలిగించినందున ఆకుకాపుల పన్నెండు గడపలూ పౌర్ణమిలోగా కొండ దిగవలసింది. ముప్పమ్మ చివరి అక్షరం కూడా గుండ్రంగా రాసి ముల్లు ఎత్తింది.

మర్నాడు తెల్లవారేసరికి అందరూ మళ్ళీ అక్కడే ఉన్నారు. కుందమ్మ మూటలతో సహా వచ్చింది. తూర్పున ఎండ పొడిచింది. పాత ఆకులన్నీ తమ తమ మాటలు గబగబా చెప్పేసి ఊరుకున్నాయి. ముత్తాతగారు తుమ్మారు. అప్పుడు పెద్ద ఆకు మీద మంచు మెరిసింది.

"శ్రీమన్మేఘవాటీ మహామండలేశ్వర!" అంది ఆకు, అచ్చం రాజు గొంతుతో. జనం చేతులు జోడించారు. తర్వాత ఆకు ఊరుకుంది. బూరలు మోగినంతసేపూ ఊరుకుంది. ఆకులో బూరలు లేవు, రాజు ఊరుకోవడమే ఉంది. తర్వాత శత్రువుల ఏనుగు కుంభస్థలం చీల్చింది. మళ్ళీ ఊరుకుంది.

ఆరో బిరుదు తర్వాత ఆకు, "మంచు సంగతి తోటవాళ్ళు చూసుకుంటారు" అంది. వెనక వరసలో ఎవరో కిసుక్కుమన్నారు. "నాలుగోది నాకు అందించడం మరిచావు" అంది ఆకు. సామంతులు పెదవులు బిగబట్టారు.

పదిహేడో బిరుదు సగంలో మంచు ఆరిపోయింది.

అందరూ ఎదురుచూశారు. ఆకు గాలికి ఊగింది, అంతే.

"తర్వాత?" అన్నాడు రాజు.

"తర్వాతది రేపే ప్రభూ" అంది ముప్పమ్మ. "మంచు ఆరింది."

"రేపు అక్కడి నుంచి మొదలవుతుందా?"

"లేదు ప్రభూ. రేపు మళ్ళీ శ్రీమన్మేఘవాటి నుంచే."

రెండో ఉదయం రాజు కోట నుంచి కుండలతో నీళ్ళు, చెంబులతో పన్నీరు తెప్పించాడు. పదిహేనో బిరుదు దగ్గర మంచు పలచబడుతుంటే పన్నీటి చెంబులవాళ్ళు ఎగబడి నీళ్ళు చల్లారు. ఆకు నీళ్ళను మంచు కింద జమకట్టలేదు. మిగిలిన మంచు కూడా ఆ నీళ్ళలో కొట్టుకుపోయింది. ఆకు గురగురమని ఆగిపోయింది. నిన్నటి పదిహేడు దాకా కూడా రాలేదని జనం వేళ్ళు మడిచి లెక్కపెట్టుకుంటూ ఇళ్ళకు పోయారు.

మూడో ఉదయం రాజు ముఖం మాడ్చుకుని గొడుగులు తెప్పించాడు. ఎండ తగలకపోతే మంచు ఆరదు కదా అని ఆయన ఆలోచన. అయిదు తెల్లగొడుగులు ఆకు మీద పట్టారు. మంచు ఆరలేదు నిజమే. కానీ ఎండ పడనిదే ఆకు నోరు విప్పదు. కొండంతా పలికి ఊరుకున్నా పెద్ద ఆకు గొడుగుల కింద మౌనంగా ఉండిపోయింది. కంగారుపడి గొడుగులు తీసేసేసరికి పొద్దెక్కింది, ఎండ చురుక్కుమంది. "శ్రీమన్మేఘవాటీ మహా..." అంటూ ఉండగానే మంచు ఎగిరిపోయింది.

తొడిమ వంగింది. చాపంత ఆకు నలభై ఒక్క బిరుదులతో సహా నేల మీదికి జారింది.

ఎవరూ నవ్వలేదు. నవ్వే ధైర్యం ఎవరికీ లేదు. కుందమ్మ మూట మీద చెయ్యి వేసుకుని దేవుళ్ళందరినీ తలుచుకుంటోంది. రాజు ముప్పమ్మ మీదికి తిరిగాడు.

"నీకు ముందే తెలుసు!"

"తెలుసు ప్రభూ."

"తెలిసీ నాకు చెప్పలేదు!"

"చెప్పిన మంత్రిగారిని మీరేమన్నారో కొండంతా రెండు రోజులు విన్నది. నేను చెబితే వినేవారా?"

రాజు చెయ్యి కత్తి మీదికి పోయింది. బంట్లు ఒకరి ముఖాలొకరు చూసుకున్నారు గానీ ఎవరూ కదల్లేదు. ఆకు పలకలేదు కదా.

ముప్పమ్మ అక్కడితో ఆగిపోయి ఉండొచ్చు. కొండ దక్కింది, ఇళ్ళు దక్కాయి. దణ్ణం పెట్టి ఊరుకుంటే ఆ రోజుకు గండం గడిచినట్టే. కానీ ఆ రోజుకే. రాజు ఇంకో నెలకు చిన్న శాసనం చెప్పడం నేర్చుకుంటాడు. ఈ సంగతి ఈ జనం ముందే తేలిపోవాలనుకుంది ముప్పమ్మ.

"కోపం వద్దు ప్రభూ" అంది. "ఇంకో లేతాకు ఉంది. నిన్ననే విప్పుకుంది."

"అక్కా!" అని అరిచింది కుందమ్మ.

ముప్పమ్మ వినిపించుకోలేదు. తీగ కొస దగ్గర చతికిలబడి, ఒక చిన్న ఆకును ఎడమ అరచేతిలో పట్టుకుంది. అరచెయ్యి కన్నా పెద్దది కాదు. "దీంట్లో బిరుదులు పట్టవు. మీరెవరు, ఎందుకు, ఏం చేయమంటారు, అంతే పడుతుంది. రేపు పొద్దున్నే తడుముకోకుండా పలుకుతుంది. మధ్యాహ్నానికల్లా పన్నెండు ఇళ్ళూ ఖాళీ చేస్తాం. నా చేతిరాతలో తప్పుంటే అప్పుడనండి."

రాజు పళ్ళు కొరికాడు. నలుగురి ముందూ వెనక్కి తగ్గడం ఆయనకు తెలియదు. ముందుకు వచ్చి నిలబడ్డాడు. ఆమె ముల్లు ఆనించింది.

"నేను ఉద్దండుణ్ణి" అన్నాడు రాజు. బూరలు మోగలేదు. బోసిగా ఆ పేరు ఆయనకే కొత్తగా వినిపించింది. "ముప్పమ్మ నాకు లేవలేదు."

అక్కడ ఆగాడు.

"రాశాను ప్రభూ" అంది ముప్పమ్మ, ముల్లు ఎత్తకుండా. "కానివ్వండి. మంచి జాతి ఆకు, నూరేళ్ళు ఉంటుంది. రోజూ పొద్దున్నే మీ గొంతుతో ఇదే చెబుతుంది. మీ మనవలు వింటారు. మా తాతకు లేవని ఈ ముప్పమ్మ ఎవరు, ఎంత సేనతో వచ్చింది, ఏ కోట ముట్టడించింది అని అడుగుతారు. మోకాళ్ళు పట్టేసిన ముసలిది, ఒళ్ళో ఆకు పెట్టుకుని కూర్చుందిరా అని ఎవరో ఒకరు చెప్పాల్సి వస్తుంది. పన్నెండు కొంపలు అందుకే కూల్చారా అంటారు. అనుకోనివ్వండి, వాళ్ళింకా పుట్టలేదు కదా. చెప్పండి, తర్వాత ఏం రాయను?"

రాజు నోరు తెరిచి మూశాడు. నేల మీద పడి ఉన్న చాపంత ఆకును చూశాడు. ముసలిదాని అరచేతిలో ఉన్న చిన్నాకును చూశాడు. తను ఇంతసేపూ ఇంత జనాన్ని పోగేసి, గొడుగులు పట్టించి, పన్నీరు చల్లించి చెప్పాలనుకున్నది ఈ మూడు ముక్కలేనా అనిపించింది. ఆ మూడు ముక్కలు పొద్దున్నే, ముత్తాతగారి తుమ్ము పక్కన, తన గొంతుతో ఎలా ఉంటాయో ఊహించుకున్నాడు.

ముందు ముక్కులోంచి ఏదో శబ్దం వచ్చింది. ఆపుకుందామని చూశాడు. ఆగలేదు. ఉద్దండవర్మ నడుం పట్టుకుని నవ్వడం మొదలుపెట్టాడు. మెళ్ళో ముత్యాలన్నీ గలగలలాడాయి. సామంతులు మూడు రోజులుగా బిగబట్టుకున్నదంతా ఒక్కసారి వదిలేశారు. బాచన కళ్ళు తుడుచుకున్నాడు, నవ్వుకో ఏడుపుకో ఆయనకే తెలియాలి.

నవ్వి నవ్వి, రొప్పుతూ, రాజు వాక్యం పూర్తి చేశాడు.

"ఒళ్ళో ఆకుంది. లేవక్కర్లేదు. ఆకు ఒళ్ళో ఉన్న ఏ ఆకుకాపూ ఎవరికీ లేవక్కర్లేదు. నాకైనా సరే."

ముప్పమ్మ చివరి అక్షరం రాసి, అప్పుడు ముల్లు ఎత్తింది. మూడు రోజులుగా రాని కన్నీళ్ళు ఇప్పుడు వచ్చాయి. వాటిని చీర చెంగుతో తుడుచుకోవడానికి చెయ్యి ఖాళీ లేదు, ఆకు ఇంకా అరచేతిలోనే ఉంది.

రాజు తన కుడిచేతి బంగారు కంకణం తీశాడు. ఆమె లేస్తుందేమోనని ఒక్క క్షణం చూసి, తనే వంగి ముడతలు పడ్డ ఆ చేతికి తొడిగాడు. "ఇంకేం కావాలో అడుగు ముప్పమ్మా" అన్నాడు.

"ఇక్కడికి వచ్చేటప్పుడు బూరలు వద్దు ప్రభూ" అంది. "లేతాకులు ఉలిక్కిపడతాయి."

మర్నాడు చిన్నాకు మొదటిసారి పలికింది. ఈనాటికీ పలుకుతుందట. నేను ఉద్దండుణ్ణి, ముప్పమ్మ నాకు లేవలేదు అంటుంది, తర్వాత చాలాసేపు ఊరుకుంటుంది. కొత్తగా వచ్చినవాళ్ళు ఆ మౌనంలో బిక్కమొహాలు వేస్తారు. కొండవాళ్ళు మాత్రం రాజుగారి కన్నా ముందే నవ్వడం మొదలుపెడతారు.